తొమ్మిదో స్తంభం

ఖంగ్...

సుత్తి తగిలితే మంచి రాయి అలా పలుకుతుంది. గంటలా, చివర సన్నగా సాగుతూ.

పగులున్న రాయి పలకదు. తడిగుడ్డ నేలకేసి కొట్టినట్టు — దబ్. అంతే.

వెయ్యేళ్ళ మంటపం అది. భూమి కంపించి కూలిపోయింది. స్తంభాలన్నీ నేల మీద పడి ఉన్నాయి. వాటి మీద చెక్కిన దేవతలు వెల్లకిలా పడుకుని ఆకాశంలోకి చూస్తున్నారు.

వాటిని మళ్ళీ నిలబెట్టడం మా పని.

ఒక్కో స్తంభాన్నీ మా ఆయన సుత్తితో తట్టి చూస్తాడు. ఆయన సరే అంటేనే గిలకల మీద తాళ్ళు కదులుతాయి. అందుకే అందరూ ఆయన్ని చెవిమేస్త్రి అంటారు.

ఆ చెవులు పోయి ఏడాదయింది.

సంగతి నాకొక్కదానికే తెలుసు. పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. నేను దాటనివ్వలేదు. రాయి తుడిచే నెపంతో ఎదురుగా నిలబడతాను. మంచి రాయైతే తల ఊపుతాను. పగులుంటే తల దించుకుంటాను. ఆయన నన్ను చూసి మాట చెబుతాడు.

నలభై ఏళ్ళ పేరు... నా మెడ మీద నిలబడి ఉంది.

పొద్దున్నే పని మొదలుపెట్టే ముందు ఆయన ఒక కథ చెబుతాడు. పూర్వం ఆకాశం నేల మీదే పడుకుని ఉండేదట. మనుషులు పాకుతూ బతికేవాళ్ళట. ఒక తల్లి తన బిడ్డ నిలబడాలని ఒక రాయిని ఎత్తి నిలిపిందట. అదే మొదటి స్తంభం. ఆకాశం లేచింది. బిడ్డ లేచాడు.

తల్లి మాత్రం ఆ రాతిని పట్టుకుని అక్కడే ఉండిపోయిందట — వదిలితే పడిపోతుందేమోనని.

ఆ కథ వింటే నాకు ఏడుపొస్తుంది. ఈ మధ్య మరీను.

నవ్వించేవాడు మరిది. స్తంభం కింద పీఠం సరిచేసే పని అతనిది. అన్నయ్య రాళ్ళతో మాట్లాడినంత నీతో మాట్లాడితే, వదినా, నువ్వెప్పుడో పుట్టింటికి పరిగెత్తేదానివి అంటాడు.

ఆ రోజు తొమ్మిదో స్తంభం.

దాని మీద మేఘాన్ని మోస్తున్న ఒక స్త్రీ. ముఖం అరిగిపోయింది. ఎన్ని తరాల చేతులు మొక్కి అరగదీశాయో.

ఆయన సుత్తి ఎత్తాడు.

“వదినా, నీళ్ళున్నాయా?” పక్కనుంచి మరిది అడిగాడు.

తల ఊపాను.

దబ్.

ఆయన నా తల ఊగడం చూశాడు. సుద్దముక్కతో రాతి మీద గీత గీశాడు. “సరే” అన్నాడు.

విన్నాను. నేను విన్నాను. చెప్పాలి... కానీ నలుగురూ చూస్తున్నారు. పగులుందంటే, మేస్త్రికి వినపడనిది నీకెలా వినపడిందంటారు. అన్నాల వేళ పక్కకు పిలిచి, అరచేతిలో వేలితో రాసి చెబుదాం అనుకున్నాను. అంతలోపే ఎత్తరులే అనుకున్నాను.

పిరికిదాన్ని.

గిలకలు తిరిగాయి. తాళ్ళు మూలిగాయి. మరిది నీళ్ళు తాగి, మూతి తుడుచుకుని, పీఠం దగ్గరికి వెళ్ళాడు. ఆయన తాళ్ళు లాగేవాళ్ళకు వీపు పెట్టి పదో స్తంభం ముందు కూర్చున్నాడు.

ఆగండని అరిచాను. ఆలస్యంగా అరిచాను.

తొమ్మిదో స్తంభం నడుం విరిగింది. ఆ మోతకు పావురాలన్నీ ఒక్కసారిగా లేచాయి. అందరూ అటు పరిగెత్తారు. ధూళి... ధూళి తప్ప ఏమీ కనిపించలేదు. అందులోంచి వదినా అన్న పిలుపు వస్తుందేమోనని చెవులు రిక్కించాను.

రాలేదు.

ఆయనొక్కడే వెనక్కి తిరగలేదు. నేల అదిరితే, తన సుత్తి దెబ్బే అనుకున్నాడేమో.

పదో స్తంభాన్ని తట్టాడు.

ఖంగ్... చివర సన్నగా సాగుతూ.

తలెత్తి నన్నే చూస్తున్నాడు. నేను తల ఊపుతానేమోనని.