వించ్ బిగించిన స్తంభం

పద్నాలుగో టేకు కూడా కుదరలేదు. పడవను మళ్లీ ఒడ్డెక్కించాలి.

ఫిల్మ్ నగర్‌లో స్టూడియో వెనక తవ్విన చెరువు గట్టున రేవు సెట్టు వేశారు. హీరో ఎక్కగానే ట్రాలీ మీది చెక్క పడవ నీళ్లలోకి జారాలి. టేకు బాగా రాకపోతే పదహారు మంది మోకులు పట్టి వాలు మీదుగా పైకి లాగాలి. పొద్దుటి నుంచి లాగుతూనే ఉన్నారు. నర్సింహ అరచేతుల తోలు ఊడి మోకుకు అంటుకుంది.

"ఇంకొక్కటి, ఇంకొక్కటే," అన్నాడు మేనేజర్ వరప్రసాద్ గొడుగు కింద నుంచి.

నర్సింహ మోకు కింద పడేశాడు. "మీరో చెయ్యెయ్యుండ్రి సార్. గప్పుడు ఎన్నంటే అన్ని లాగుతం."

మిగతా పదిహేను మందీ మోకులు వదిలేశారు. పక్కన అచ్చులు కడుగుతున్న పుష్పవల్లి చేతులు తుడుచుకుని వచ్చి వాళ్ల వరసలో నిలబడింది. బోరబండ నుంచి ఇరవై ఏళ్లుగా మోల్డింగ్ పనికి వస్తోంది ఆమె. ప్లాస్టర్‌తో రాయి చేస్తుంది, ఇనుము చేస్తుంది, దేవుణ్ణీ చేస్తుంది.

రెండు రోజులు షూటింగ్ ఆగింది. యూనియన్ సెక్రటరీ జగదీశ్ ఆఫీసులో మాట్లాడి బయటికొచ్చి చేతులెత్తాడు. "గెలిచినం! కరెంటు వించ్ వస్తున్నది. బటన్ ఒత్తితే పడవ దానంతటదే ఎక్కుతది."

జగదీశ్ ఒకప్పుడు ఇవే మోకులు లాగినవాడు. యూసుఫ్‌గూడలో నర్సింహతో ఒకే గదిలో కిరాయికున్నవాడు. అందరూ అతన్ని భుజాల మీదికెత్తుకున్నారు.

నాలుగో రోజు ఇనుప తాడును చుట్టుకుంటూ లాగే ఆ మిషన్ వచ్చింది. బొట్టు పెట్టారు, కొబ్బరికాయ కొట్టారు. బిగిస్తున్న చోటు చూసి పుష్పవల్లి ఆగిపోయింది. వాలు పైన నిలబెట్టిన, సిమెంటులా కనబడే స్తంభం ఆమె చేసిందే. లోపల చెక్క చట్రం, దాని మీద పీచు, ప్లాస్టర్, ఆపైన బూడిదరంగు. డ్రిల్లు దిగుతుంటే తెల్లటి పొడి రాలుతోంది.

"జగదీశ్, గిది లోపల బోలు గాదా?"

"కాంక్రీటు పోయించిన అక్కా. మొన్న నేనే దగ్గరుండి పోయించిన."

"మరి తెల్లపొడి రాలుతున్నదేంది?"

"అది నువ్వు పూసిన పైపొర. ఏందక్కా, నా మీద నమ్మకం లేదా?"

మేనేజర్ చెప్పి ఉంటే సుత్తితో కొట్టి చూసేది. చెప్పింది జగదీశ్. ఆమె తన పనిలోకి వెళ్లిపోయింది.

బటన్ ఒత్తారు. ఇనుప తాడు బిగిసింది. పడవ మెల్లగా పైకి కదిలింది, కుర్రకారు ఈలలు వేసింది. ట్రాలీ చక్రాలు పక్కకి పోకుండా వెనక నుంచి చూస్తున్న నర్సింహ, "అరే, మనల్ని ఖాళీగ కూసోవెట్టిందిర గిది!" అని నవ్వాడు. పడవ సగం వాలు ఎక్కింది. స్తంభం మోకాలెత్తున ఫెళ్లున విరిగింది. పడవ వెనక్కి జారి, నర్సింహ మీదుగా నీళ్లలోకి పోయింది.

ఆస్పత్రి చేరేలోపే అతని ప్రాణం పోయింది.

మధ్యాహ్నం మూడింటికి వరప్రసాద్ అందర్నీ పిలిచాడు. "చాలా బాధగా ఉందండీ. మోల్డింగ్ వాళ్లు స్తంభం సరిగ్గా చెయ్యకపోవడం వల్లే ప్రమాదమని మీ సెక్రటరీ గారే రాసిచ్చారు. సీను ఇంకోచోట తీసుకుంటాం. సాయంత్రానికల్లా సెట్టు పగలగొట్టెయ్యండి."

పుష్పవల్లి జగదీశ్ వైపు తిరిగింది. అతను ఫోను చూసుకుంటున్నాడు.

"పోయించిన అంటివి గద తమ్మీ?"

"కాంక్రీటు ఆరాలంటే వారం ఆగాలె. హీరో డేట్లు పోతయన్నరు. రెండు దినాల పనే గదా, ఆగుతదనుకున్న."

"మరి కాయిదం మీద మా పేరెట్ల రాసినవ్?"

"కేసయితే యూనియన్‌కే మచ్చ అక్కా. నువ్వు ఫికర్ చెయ్యకు, నిన్ను నేను చూసుకుంట."

"నర్సింహను చూసుకున్నట్లా?"

ముసలి వడ్రంగి వెంకటనర్సయ్య కండువాతో మొహం తుడుచుకుని జగదీశ్ వైపు చూశాడు. "వాళ్లు మోసం చేస్తే కోపమొస్తది బిడ్డా. నువ్వు చేస్తే సిగ్గొస్తున్నది."

సెట్టు పనిలో ఒక రివాజు ఉంది. పని అయిపోగానే కట్టిన చేతులే పగలగొడతాయి. ఎందుకని ఎవరూ అడగరు. గడ్డపారలు వచ్చాయి. నలుగురు అలవాటుగా అందుకున్నారు కూడా. పుష్పవల్లి విరిగిన స్తంభం మొదలు దగ్గర కూర్చుని లోపలికి చెయ్యి పెట్టింది. భుజం దాకా దిగింది. రాయి లేదు, కంకర లేదు.

"ఎవరూ కొట్టొద్దు!" అని అరిచింది. "గిది కొడితే లోపల ఏమున్నదో ఎవ్వనికీ తెల్వది. నర్సింహను మనమే సంపినమని రాసుకుంటరు. లేబర్ ఇన్‌స్పెక్టర్‌ను రానియ్యుండ్రి. ఆయన చెయ్యి పెట్టి చూడాలె."

"ఏంటమ్మా ఇది? రేపట్నుంచి ఏ సెట్టులోనూ నీకు పని దొరకదు, తెలుసా?" అన్నాడు వరప్రసాద్.

"మేం కట్టకుంటే మీ హీరో దేని మీద నిలవడతడు సార్?"

గడ్డపారలు ఒక్కొక్కటే కింద పడ్డాయి. వెంకటనర్సయ్య ఆమె పక్కన కూలబడ్డాడు. తర్వాత మోకులవాళ్లు. పక్క ఫ్లోరు నుంచి లైట్‌మెన్, కాస్ట్యూమ్ ఆడవాళ్లు వచ్చారు. యూసుఫ్‌గూడ నుంచి నర్సింహ బస్తీ జనం ఆటోల్లో దిగారు. జగదీశ్ కూడా వచ్చి కూర్చోబోయాడు. ఎవరూ జరగలేదు.

"నీ జాగ ఆఫీసుల ఉన్నది తమ్మీ. గాడికే పో," అన్నారెవరో.

పోలీసు వ్యాను వచ్చింది. "ఈ సెట్టు నిర్మాతల ఆస్తి. లేవండి," అన్నాడు ఎస్సై.

"సెట్టు వాళ్లదే సార్. పీనుగ మాది," అంది పుష్పవల్లి.

మొదట పుష్పవల్లిని ఎత్తి వ్యానులో వేశారు. తర్వాత వెంకటనర్సయ్యను, తర్వాత ఇంకో పది మందిని. ఆమె వ్యాను కిటికీ జాలీలోంచి చూసింది. తను లేచిన చోట కాస్ట్యూమ్ మంజులత కూర్చుని, విరిగిన మొదలును రెండు చేతులా పట్టుకుంది. గేటులోంచి జనం ఇంకా లోపలికి వస్తున్నారు.

ఎస్సై ఫోనులో అంటున్నాడు: "ఒక వ్యాను చాలదు సార్."