ఇంటింటి ఖమీరు

భట్టీ గదిలోంచి చిలుకమ్మ అరుపు వినబడగానే సోమక్క చేతిలోని చక్కెర నెమలిని వదిలేసి పరుగెత్తింది.

పెళ్లి కేకు భట్టీలో ఉండగానే గాల్లోకి లేచింది. భట్టీ కప్పుకు తగిలి నలిగిపోతుందని చిలుకమ్మ చెయ్యి లోపలికి పెట్టి పట్టుకుంది. మోచేతి దాకా కాలింది.

యజమాని కిషన్ రావు వచ్చాడు. ముందు కేకును చూశాడు. అది ఎగిరిపోకుండా దారం చుట్టి బల్ల కాలికి కట్టాడు. ఆ తర్వాత చిలుకమ్మను చూశాడు.

"గీ చేతితోని ఇంకేం పని చేస్తవు? ఇంటికి పో."

ఎమర్జెన్సీ ఎత్తేసిన మరుసటి ఏడాది అది. ఆ రోజుల్లో సుబేదారిలో, కిషన్ రావు బేకరీలో, కేకులు ఎగిరేవి. సోమక్క చేసిన కేకు పళ్లెం మీంచి జానెడు లేచి, కోస్తే కిలకిలా నవ్వేది. ఖిలా తోరణాల మీది రాతి హంసలు పొద్దున్నే దిగివచ్చి బేకరీ ముందు రొట్టె ముక్కలు ఏరుకు తినేవి. ఆ కేకు లేకుండా దొరల పెళ్లిళ్లు జరిగేవి కావు.

సోమక్క చేతి మహిమ అనేవాళ్లు జనం. కాదని ఆమెకు తెలుసు. మహిమంతా ఖమీరుది, పిండిని పొంగించే ఆ పులిసిన ముద్దది. పనివాళ్లంతా రోజూ ఇళ్లనుంచి తలా పిడికెడు పిండి తెచ్చి దానికి తినిపించేవాళ్లు. భట్టీ సేటుది, చక్కెర సేటుది. ఖమీరు మాత్రం వాళ్లది. దాన్ని చీల్చకూడదని కట్టుబాటు. ఖమీరు చీలితే మనుషులు చీలుతారని పెద్దల మాట.

చిలుకమ్మ చెయ్యి కాలిన ఆ మధ్యాహ్నమే పనివాళ్లు బేకరీ వెనక మీటింగు పెట్టారు.

"చిలుకమ్మను పనిల తీసుకోవాలె. దవాఖాన ఖర్చు సేటే పెట్టుకోవాలె. అప్పటిదాంక భట్టీ ముట్టియ్యం," అన్నాడు పిండి పిసికే ఉప్పలయ్య.

"వేరేటోళ్లను తెచ్చుకుంటడేమోనే?" అంది ముసలి సమ్మమ్మ.

"తెచ్చుకోనియ్ అవ్వా! ఖమీరు లేంది ఏం చేస్తడు? ఇటుకలు కాల్చుకుంటడు!"

అందరూ నవ్వారు. సేటు చేతికి చిక్కకుండా ఖమీరు కుండ ఎవరింట్లో దాచాలి?

"మా ఇంట్ల పెడత అక్కా. పానం పోయినా ఇయ్య," అన్నాడు వెంకట్రాజం.

చెయ్యి పట్టి క్రీము పువ్వు వెయ్యడం సోమక్క నేర్పింది అతనికే. మారుమాట లేకుండా కుండ అతని చేతుల్లో పెట్టింది.

సమ్మె మొదలై వారం తిరగలేదు. బేకరీ ఎదుట బైఠాయించిన వాళ్ల తలల మీదుగా గులాబీ రంగు కేకు ఒకటి తేలుతూ వచ్చింది. సోమక్క అందుకుని వాసన చూసింది. తన ఇంటి జొన్నపిండి వాసన.

బేకరీ కిటికీలో తెల్ల టోపీ పెట్టుకుని వెంకట్రాజం.

"మేస్త్రీవైనవా తమ్మీ?"

"పిల్లలున్నరక్కా..."

"చిలుకమ్మకు లేరా?"

కిటికీ తలుపు మూసుకుంది. సోమక్క రోడ్డు మీదే కూలబడింది. "కుండ నా చేతులతోనే ఇచ్చిన గదనే," అంది.

మర్నాడు మధ్యాహ్నం వెంకట్రాజం భార్య పద్మ పనివాళ్ల వాడలోకి వచ్చింది. బేకరీలో మొగుడికి సద్ది ఇచ్చి వస్తోంది. తల మీది గంప దించి గుడ్డ తీసింది. గంపలో ఖమీరు కుండ.

"నా పిండి గూడ దీన్ల ఉన్నదక్కా. అమ్ముకున్నది ఆయన. నేను అమ్ముకోలే."

సోమక్క కుండలోకి చూసింది. ఒక్క కుండ, ఒక్క ఇల్లు, ఒక్క మనిషి. కట్టుబాటే తమను ముంచింది. ఖమీరును బయటికి తీసి రెండు చేతులా చీల్చింది. సమ్మమ్మ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

"పట్టు అవ్వా. ఇంటికింత తీస్కపోన్రి. పిండి పెట్టి సాదున్రి."

పొద్దు వాలకముందే పోలీసు జీపు వచ్చింది. ఖమీరు తన ఆస్తి అని, సోమక్క దొంగిలించిందని కిషన్ రావు ఫిర్యాదు. ఆనవాలు పట్టడానికి వెంకట్రాజాన్ని తెచ్చారు.

"ఏ ఇంట్ల ఉన్నదో చూపియ్," అన్నాడు ఎస్సై.

వెంకట్రాజం మొదటి ఇంట్లో గిన్నె మూత తీశాడు. ఖమీరు. పక్కింట్లో తీశాడు. ఖమీరే. తన ఇంటి ముందుకు వచ్చి ఆగిపోయాడు. పద్మ తనే మూత తీసి అతని మొహం ముందు పెట్టింది.

"రాసుకోన్రి సారూ," అంది. "వెంకట్రాజం ఇల్లు."

ఎవరూ పిలవకుండానే సోమక్క జీపెక్కింది. కట్టు కట్టిన చేత్తో చిలుకమ్మ ఎక్కింది. పద్మ ఎక్కింది. సమ్మమ్మ కాలు పెట్టబోతే కానిస్టేబుల్ అడ్డం వచ్చాడు.

"జాగ లేదు ముసల్దానా!"

ఉప్పలయ్య తన ఖమీరు గిన్నె ఒళ్లో పెట్టుకుని జీపుకు ఎదురుగా రోడ్డు మీద కూర్చున్నాడు. గిన్నెలు పట్టుకుని వాడంతా వచ్చి అతని వెనక కూర్చుంది.

"ఫికర్ చెయ్యకున్రి సార్," అన్నాడు ఉప్పలయ్య. "లారీ తెప్పిచ్చుకోన్రి. అచ్చేదాంక ఈడనే ఉంటం."