వాలులో ఆపిన కారు

ఐలీన్ ఇంటి ముందు వాలులో కారు ఆపి, హ్యాండ్‌బ్రేకు బిగించి, రివర్స్ గేర్ వేసి, ముందు చక్రాలను కాలిబాట గట్టుకేసి తిప్పింది. దిగాక అద్దంలోంచి మళ్ళీ వంగి చూసింది. సరుకుల సంచులతో నాలుగడుగులు వేసి, వెనక్కొచ్చి ఇంకోసారి చూసింది.

"చూసుకో, చూసుకో," అన్నాడు ఆమె భర్త డగ్లస్ వరండాలోంచి. "కింద ఆ ముసలి క్లారీకి రెండో తుంటి ఇంకా బాగానే ఉంది."

పక్కనున్న కూతురు కర్స్టీ ఫక్కున నవ్వింది. ఆ పిల్ల ఈ పరాచికం వింటూనే పెరిగింది.

డునెడిన్‌లో వాళ్ళ వీధి అంతా ఏటవాలే. కర్స్టీ పసిపిల్లగా ఉన్నప్పుడు ఒకరోజు ఐలీన్ వృద్ధాశ్రమంలో రాత్రి డ్యూటీ చేసి, పొద్దున్నే ఇంటికొచ్చి, కారు ఆపి పడుకుంది. మధ్యాహ్నం పెద్ద చప్పుడుకి లేచి బయటికి పరుగెత్తేసరికి కారు కింది మలుపులో క్లారీ కంచెలోకి దూసుకుపోయి ఉంది. మొక్కలు కత్తిరిస్తున్న ముసలాయన తుంటి విరిగి దాని పక్కనే పడి మూలుగుతున్నాడు. "గేర్ వేయడం మర్చిపోయావు ఐలీన్!" అన్నాడు డగ్లస్, వీధి వీధంతా వినేలా. వేశానా, లేదా? ఎంత గింజుకున్నా గుర్తు రాలేదు. నిద్రమత్తులో చేసిన పని ఏం గుర్తుంటుందిలే అని పోలీసుల దగ్గర కూడా తనే ఒప్పుకుంది. ఆ తర్వాత ఇంట్లో ఏది మాడినా, ఏది కనబడకపోయినా అదే మాట, "నీ బుర్ర సంగతి తెలిసిందేగా." క్రిస్మస్ విందులో కొత్తవాళ్ళు కనిపిస్తే చాలు, "మా కోడలి చేతికి పసిబిడ్డనివ్వకండర్రా, జారవిడుస్తుంది" అని అత్తగారు మురిసిపోయేది. నర్సు చదువు చదవాలనుకున్న ఐలీన్ ఆ ఊసు మళ్ళీ ఎత్తలేదు. ఒక మనిషిని కుంటివాణ్ణి చేసిన చేతులు, వీటితో మందులెలా ఇస్తాను అనుకుంది.

సంచులు వంటింట్లో పెట్టి, బార్లీ సూపు గిన్నె పట్టుకుని ఎప్పటిలాగే క్లారీ ఇంటికి దిగింది. పక్క దుప్పటి మారుస్తుంటే ఆయన కుర్చీలో కదిలి, నొప్పికి పళ్ళు బిగించాడు.

"నన్ను క్షమించు క్లారీ," అంది అలవాటుగా.

"ఇంకా ఎన్నాళ్ళంటావు అమ్మాయ్ ఆ మాట?" అన్నాడు ముసలాయన. "వినలేకపోతున్నాను. ఆ రోజు మధ్యాహ్నం కారు ఆపి దిగింది నీ మొగుడు. బీరు పెట్టె చంకన పెట్టుకుని నాకు చెయ్యి కూడా ఊపాడు."

దుప్పటి మీద ఐలీన్ చేతులు ఆగిపోయాయి. "నేను పడుకున్నాక తీసుకెళ్ళాడా?"

"నీకు తెలుసనుకున్నాను మొదట్లో. ఆయన్ని కాపాడుకుంటున్నావనుకున్నా."

"తర్వాత?"

క్లారీ కిటికీకేసి మొహం తిప్పుకున్నాడు. "తెలియదని తర్వాత అర్థమైంది. చెబితే నువ్వు రావడం మానేస్తావేమోనని... నాకెవరున్నారమ్మా?"

ఆమె దుప్పటి అంచులు పరుపు కిందికి మడిచి బయటికొచ్చింది. డగ్లస్ అబద్ధమాడాడన్నది కాదు ఆమెను తొలిచేస్తున్నది. ఇన్నేళ్ళూ వెయ్యిసార్లు తనను తాను బోనులో నిలబెట్టుకుంది. ఒక్కసారైనా, ఒక్కసారైనా, తన మాట తను నమ్మలేదు. ఇల్లు చేరేదాకా ఏడుపు రాలేదు, కోపమూ రాలేదు. ఎవరో పరాయి ఆడదాని బతుకు ఇన్నాళ్ళూ తను బతికినట్టుంది, అంతే.

ఇంటి ముందు కారులో కర్స్టీ స్టీరింగు పట్టుకుని కూర్చుంది. వాలులో ఆపడం నేర్పిస్తున్నాడు తండ్రి.

"మీ అమ్మలా మర్చిపోయావనుకో..." అంటున్నాడు.

ఐలీన్ కిటికీ దగ్గర నిలబడింది. "కర్స్టీ, ఆ రోజు ఆఖరున కారు ఆపింది నేను కాదు. మీ నాన్న. క్లారీ చూశాడు."

డగ్లస్ మొహంలో రంగు మారింది. వెంటనే నవ్వేశాడు. "చూశావా, ఇప్పుడు అది కూడా మర్చిపోయింది!"

కర్స్టీ కూడా నవ్వబోయి తల్లి మొహం చూసింది. నవ్వు సగంలోనే ఆగిపోయింది. ఇంజను ఆపేసింది.

ఐలీన్ చుట్టూ తిరిగి వెళ్ళి భర్త వైపు తలుపు బార్లా తెరిచింది.

"దిగు డగ్లస్. క్లారీ ఇంట్లోనే ఉన్నాడు. ఆ మాట ఆయన ముందు అందువుగాని రా."