సూపు చల్లారేదాకా

విజిల్ వెయ్యని కుక్కర్‌ని ఎలా నమ్మడం, బీఎస్సీ చదివిన మనిషికి రాకూడని అనుమానమే గానీ ప్రేమావతికి ఈ స్లో కుక్కర్‌ని చూసినప్పుడల్లా వస్తుంది, పొద్దున ఎనిమిదింటికి కోడిముక్కలు, క్యారెట్, మిరియాలు, అల్లం వేసి మూత పెడితే మధ్యాహ్నం రెండింటికి గానీ తేలదు, చప్పుడుండదు, హడావిడుండదు, తిరువూరు మొత్తంలో ఇంత మెల్లగా లోలోపల ఉడికేది మీ అక్కయ్య ఒక్కతేనండీ అంటే భర్త జోజప్ప నవ్వబోయి గొంతు పట్టుకునేవారు, నవ్వితే నొప్పి ఆయనకి, గొంతు క్యాన్సర్, విజయవాడలో ముప్ఫైమూడు సార్లు రేడియేషన్ కరెంటు పెట్టించుకుని వచ్చాక అన్నం దిగడం మానేసింది, అప్పుడు కొని తెచ్చింది కూతురు ఆరాధన ఈ కుక్కర్‌ని, నాన్నకి చికెన్ నూడుల్ సూపు చేసిపెట్టమ్మా, మెత్తగా జారిపోతుంది అని, ఆయన పోయి నలభై రోజులు దాటింది, ఇవాళ అదే కూతురు జ్వరం, గొంతునొప్పితో మంచమెక్కి నాన్న సూపు చేసివ్వమ్మా అంది, అందుకని కుక్కర్ మళ్ళీ అటక దిగింది.

ముక్కలు ఎముకల్ని వాటంతటవే వదిలేస్తున్నాయి, నూడుల్స్ చివరి పావుగంటలో వెయ్యాలి, ముందే వేస్తే గంజే, ఆయనకి కావాలనే గంజి చేసేది, వేలెడు ముక్కలుగా తుంచి గంట ముందే వేసి, ఇప్పుడూ చెయ్యి అలవాటుగా తుంచబోయి ఆగింది, ఆరాధనకి పళ్ళున్నాయి, ఉప్పు సరిపోయిందా అని ఒక చెంచాడు నోట్లో పోసుకుంది, సరిపోయింది, ఒక్క విషయంలో మాత్రం ఆమెకు గర్వం, ఏనాడూ ఆయనకి చల్లారింది పెట్టలేదు, కుక్కర్‌లోంచి గిన్నెలోకి, గిన్నెలోంచి ఆయన ముందుకి, వేడివేడిగా తాగండి, గొంతుకి మంచిది, ఆయన చేతులు జోడించి కళ్ళు మూసుకునేవారు.

భోజన ప్రార్థనంటే పెళ్ళైన ముప్ఫై ఏళ్ళూ ఆయనకి రెండే ముక్కలు, ఈ ఆహారానికి స్తోత్రం, ఆమెన్, చేపల పులుసు రోజున ఆ రెండూ కలిసిపోయి ఒకటే అయ్యేవి, జబ్బు చేశాకే భక్తి పొంగింది, పెనుగొలను సంఘం, వినగడప మామిడితోటలు, ఎ.కొండూరు బళ్ళో తన దగ్గర చదువుకున్న పిల్లలు, వాళ్ళ పిల్లలు, బస్టాండులో కండక్టర్లు, చివరికి వాళ్ళక్కయ్య మోకాళ్ళు కూడా ప్రార్థనలోకి వచ్చేవి, మధ్యలో ఒక కన్ను తెరిచి కిందికి చూసేవారు, దేవుడు సూపులో లేడులెండి అని ఆమె ఎగతాళి, అయినా లోపల సంతోషమే, మనిషి దేవుడికి దగ్గరయ్యాడని, ఆయన పోయాక పెట్టిన ఆదరణ కూడికలో మైకు పట్టుకుని మరీ సాక్ష్యం చెప్పింది, కానీ సూపు చల్లారిపోతోందే, అందుకని ఏ మోకాళ్ళ దగ్గరో తనే గట్టిగా ఆమెన్ అనేసేది, ఆయన ఆమె వంక ఒకసారి చూసి చెంచా అందుకునేవారు, ఎలా ఉందండీ, బాగుంది ప్రేమా, కళ్ళనిండా నీళ్ళు, అదీ భక్తే అనుకుంది.

లే ఆరాధనా, వేడిమీద తాగు, అబ్బా ఇప్పుడు కాదమ్మా, గొంతంతా మంట, కాస్త చల్లారనీ, రెండు రోజుల నొప్పికే ఇంత గారాబమా, మీ నాన్న అంత కరెంటు పెట్టించుకున్న గొంతుతో కూడా ఒక్క మాట, అంటూ ఆగిపోయింది, ఉప్పు చూసిన నాలిక ఇంకా చురచురమంటోంది, ఒక్క చెంచాడుకి, బాగున్న నోటికి, పైన నూనె తెట్టు కడితే లోపలి వేడి ఎంతకీ పోదు, ఆమాత్రం సైన్సు తనకి తెలియంది కాదు.

ఏంటమ్మా అలా నిలబడ్డావ్, ప్రార్థన చెయ్, ప్రేమావతి చేతులు జోడించింది, ప్రభువా, పెనుగొలను సంఘాన్ని జ్ఞాపకం చేసుకో, వినగడప తోటల్ని జ్ఞాపకం చేసుకో, అదేంటమ్మా అచ్చం నాన్నలా, నవ్వుతోంది పిల్ల, నవ్వనీ, చల్లార్చి ఇవ్వు ప్రేమా అంటే సరిపోయేది, ఆరు గంటలు స్టూలేసుకుని కుక్కర్‌ని కాపలా కాసినదానితో ఆ మాట అనలేకపోయారు, ఎ.కొండూరు బడి పిల్లల్ని, వాళ్ళ పిల్లల్ని, కండక్టర్లని, వదినగారి మోకాళ్ళని కూడా జ్ఞాపకం చేసుకో, ఒక కన్ను తెరిచి గిన్నెలోకి చూసింది, ఇంకా ఆవిరొస్తోంది, ఆయన ఒక కన్ను తెరిచి చూసుకున్నది దీన్నే.