పారేసిన గడ్డివాములు

తెల్లవారితే ఇంటర్వ్యూ అనగా, చిక్కడపల్లి సెంట్రల్ లైబ్రరీలో కూర్చుని మనీష ఒక పెద్ద రంగుల చిత్రాల పుస్తకం తెరిచింది. తెరవకపోతేనే బాగుండేది.

ఆ పేజీలో ఒక గడ్డివాము ఉంది. పక్క పేజీలోనూ గడ్డివామే. తిప్పితే ఇంకొకటి. ఒకటి మంచు పట్టిన పొద్దుట, నీలంగా. ఒకటి పొద్దుగుంకే వేళ, నిప్పంటుకున్నట్టు ఎర్రగా, కింద నీడ మాత్రం ఊదాగా. మూడోది మిట్టమధ్యాహ్నం, ఎండకు తెల్లబారిపోయి. వాము అదే, పొలమూ అదే. మారింది వెలుతురొక్కటే. అయినా మూడు బొమ్మలూ వేటికవే వేరు.

ఈ వాములు ఆమెకు కొత్తేమీ కాదు. రెండేళ్ళుగా ఆమె చదువుతున్న చిత్రకళ నోట్సులో ఇవి ఉన్నాయి. ఆ నోట్సు జిరాక్సుకు జిరాక్సు, దానికి మళ్ళీ జిరాక్సు. ఎవరో సీనియర్ ఎప్పుడో తయారు చేసుకున్నది, అశోక్ నగర్ దుకాణాల్లో చేతులు మారి మారి ఈమె దాకా వచ్చేసరికి అక్షరాలైతే ఎలాగో మిగిలాయి గానీ బొమ్మలన్నీ మసిబారిపోయాయి. మూడు వాములూ మూడు నల్లటి ముద్దలు. ఒకే పేజీ మూడుసార్లు పడిందనుకుంది మనీష. మిషన్ సరిగా చూసుకోవద్దా అని దుకాణం అతనితో పోట్లాట పెట్టుకుని, రెండు కాగితాలు తీసి పారేసింది. అందులో ఒకదాన్ని వాళ్ళమ్మ ఏరుకుని ఎండుమిరపకాయలు చుట్టి గూట్లో పెట్టింది కూడా.

ఇంప్రెషనిజం అంటే ఏమిటని రేపు ఎవరైనా అడిగితే, జవాబు ఆ పారేసిన కాగితాల్లోనే ఉంది. ఒకే వస్తువును వెలుతురు మారినప్పుడల్లా మళ్ళీ మళ్ళీ చూడటం, ఆ క్షణానికి కంటికి ఏది కనబడితే అదే వేయడం. ఇంప్రెషనిస్టులు నీడల్లో నలుపు వాడటం దాదాపు మానేశారని నోట్సులోనే రాసి ఉంది. ఆ వాక్యం మనీషకు కంఠతా వచ్చు. తారు పూసినట్టున్న బొమ్మ కింద ఆ వాక్యాన్ని ఎన్నిసార్లు వల్లెవేసిందో లెక్కలేదు, ఒక్కసారైనా అనుమానం రాలేదు. బట్టీ చదువులో సుఖం అదే మరి, కళ్ళతో పనుండదు.

ఇంకా ఏమేమి తప్పు నేర్చుకుందో! ఎన్ని బొమ్మలను ఆ మసిలో చూసి తెలుసనుకుందో! మధ్యాహ్నం భోజనాలకు లైబ్రరీ మూస్తున్నారని గంట కొట్టేదాకా పేజీలు తిప్పింది. తిప్పిన కొద్దీ భయం పెరిగింది గానీ తరగలేదు.

ఆమె భయానికి కారణం ఉంది. నారాయణగూడలో ఒక ప్రైవేటు విద్యాసంస్థల ఆఫీసు, అందులో డ్రాయింగ్ టీచర్ ఉద్యోగం. పోయిన ఏడాది సమ్మెలవల్ల, బంద్‌లవల్ల వాయిదా పడుతూ పడుతూ వచ్చిన ఇంటర్వ్యూ. ఇంతకుముందు ఆమె రెండు చోట్లకు వెళ్ళింది. రెండు చోట్లా నాలుక పిడచకట్టుకుపోయి, వచ్చిన జవాబు కూడా చెప్పలేక లేచి వచ్చింది. పాలమూరు నుంచి కూలికి వచ్చి మురికికాలువ నాలా పక్క బస్తీలో ఉంటున్న ఎంకయ్య, కురుమమ్మ బిడ్డ ఆమె. బిడ్డకు బొమ్మలు వచ్చని, కూలీల అడ్డా మీద నిలబడే పని దానికి వద్దనుకుని, సంపాదించి తెమ్మని ఇన్నాళ్ళూ వాళ్ళు ఒక్క మాట అనలేదు. ఈమధ్యే తండ్రి నడుం పడిపోయి పనికి పోవడం ఆగింది. ఇదొక్కటి చూద్దాం, కాకపోతే సుల్తాన్ బజార్ చీరల దుకాణంలో పనికి చేరాలి అని తల్లి మెల్లగానే చెప్పింది. దుకాణంలో పని తప్పేమీ కాదు. పొద్దున షట్టర్ ఎత్తింది మొదలు రాత్రి దించేదాకా నిలబడాలి, ఆదివారం కూడా. ఇక కుంచె పట్టేది లేదని మనీషకు తెలుసు.

అశోక్ నగర్ టీ కొట్టు దగ్గర ప్రేమ్‌సాగర్ కనబడ్డాడు. గ్రూప్స్‌కు చదువుతున్న కుర్రాడు. బస్తీ పిల్లలకు లెక్కలు చెప్పడానికి వస్తూ పరిచయమయ్యాడు. ఏ సబ్జెక్టునైనా బిట్లుగా కోసి మింగేయగలనని అతని ధీమా.

"అన్నా, నేను అన్నీ నలుపుల చదివిన. బొమ్మలు అసలు గట్ల లేవు" అంది మనీష ఏడుపు గొంతుతో.

"ఏందే, గింత పరేషాన్ అయితున్నవ్? జర చాయ్ తాగు" అన్నాడతను. "రంగులతోని నీకేం పని? నాలుగు ముక్కలు యాదికి పెట్టుకో. కాంతి అంటే ఇంప్రెషనిజం. అన్ని దిక్కుల కెల్లి ఆకారం అంటే క్యూబిజం. కల అంటే సర్రియలిజం. లోపలి భయం అంటే ఎక్స్‌ప్రెషనిజం. అయిపాయె!"

"బొమ్మ చూపెట్టి అడిగితేనో?"

ప్రేమ్‌సాగర్ ఇటూ అటూ చూసి గొంతు తగ్గించాడు. ధైర్యం చెప్పేవాడు చెప్పాల్సిన మాట కాదది, అయినా చెప్పాడు. "అక్కడ రామచంద్రం సారని ఉంటడట. పెద్ద ఆర్టిస్టు. పేరు, తారీఖు ఏం అడగడట. బొమ్మ ముంగట పెట్టి, నీకేం కనబడ్తుందో చెప్పు అంటడట. పోయినసారి ఒకామె ఏడ్చుకుంట బయటికొచ్చిందట."

మనీష తాగని చాయ్ బల్ల మీద పెట్టేసి ఇంటి దారి పట్టింది.

పొద్దువాలక ముందే కురుమమ్మ పని నుంచి వచ్చి, బిడ్డను వెంటబెట్టుకుని సుల్తాన్ బజార్‌కు నడిచింది. ఇంటర్వ్యూకు పాత చీరలో పంపడం ఆమెకు ఇష్టం లేదు. పనికి మాట్లాడి పెట్టిన దుకాణంలోనే ట్యూబులైట్ల కింద బూడిద రంగు చీరొకటి ఆమెకు నచ్చింది. నచ్చగానే చంకన పెట్టుకుని తిన్నగా గుమ్మంలోకి నడిచింది.

"ఏమ్మా, పైసలియ్యకుండ చీర పట్కొని ఎటు పోతున్నవ్?" అని సేటు కేకేశాడు.

"యాడికి పోను? ఎలుగుల సూస్తున్న. నీ లైటు కింద సూసి కొంటే ఇంటికి పోయినంక అది వేరే చీరైతది" అని కురుమమ్మ చీర మడత విప్పి ఎండకు పట్టింది. బూడిద రంగు పోయి లేత ఊదా రంగు బయటపడింది. ఆమె ముఖం విప్పారింది. ఏ దుకాణంలోనైనా ఆమెకు ఇదే అలవాటు. చిన్నప్పటి నుంచీ దీనికి మనీష సిగ్గుతో చచ్చిపోయేది.

ఈసారి సిగ్గుపడటానికి కూడా ఆమెకు తీరిక లేదు. సేటు ఆమెను ఎగాదిగా చూసి, "ఈ పిల్లేనా నువ్వు చెప్పింది? సోమవారం కెల్లి రమ్మను, లేట్ చేస్తే ఇంకొకరిని పెట్టుకుంట" అన్నాడు. కురుమమ్మ బిడ్డ వైపు చూడకుండా తలూపింది.

మర్నాడు పొద్దున నారాయణగూడ ఫ్లైఓవర్ పక్క సందులో ఆ ఆఫీసుకు తల్లీబిడ్డా వెళ్ళారు. ఆ రోజు కూలి మానుకుని వచ్చింది కురుమమ్మ. మెట్లెక్కగానే పొడుగాటి వరండా. పట్టపగలే చీకటి. గోడ వారగా కూర్చున్నవాళ్ళంతా ఫైళ్ళు ఒళ్ళో పెట్టుకుని పెదవులు కదుపుతున్నారు. మనీష కూడా కదిపింది. కాంతి, ఆకారం, కల, భయం. నాలుగో ముక్క దగ్గరికి వచ్చేసరికి మొదటిది మరిచిపోతోంది. పేరు పిలవగానే తల్లి చెయ్యి పట్టి లేపింది.

గదిలో కిటికీకి దళసరి కర్టెన్ వేసి ఉంది. పైన ట్యూబులైటు ఒకటి కొట్టుకుంటోంది. బల్ల అవతల ముగ్గురు. మధ్యలో తెల్లగడ్డం పెద్దమనిషే రామచంద్రం గారని ఎవరూ చెప్పకుండానే ఆమెకు తెలిసిపోయింది. ఆయన సర్టిఫికెట్ల జోలికి పోలేదు. రెండు రంగుల ప్రింట్లు ఆమె ముందుకు తోశాడు.

"ఈ రెండింటికీ తేడా ఏంటమ్మా?"

మనీష చూసింది. గడ్డివాము. పక్కన మళ్ళీ గడ్డివాము. రంగుల ప్రింట్లే గాని, ఆ లైటు కింద రెండూ ఒకటే మురికి రంగులో ఉన్నాయి. ఒకే బొమ్మ రెండుసార్లు పడినట్టుంది. ఆమె చెయ్యి అలవాటు కొద్దీ ఒకదాన్ని పక్కకు తీసేయబోయి ఆగిపోయింది. ఈ రెండూ వేరని ఆమెకు తెలుసు, నిన్న కళ్ళారా చూసింది. ఎందుకు వేరో చెప్పడానికి ఇప్పుడు కళ్ళకు ఏమీ కనబడటం లేదు. గోడలు దగ్గరికి జరుగుతున్నట్టనిపించింది. ముగ్గురూ తననే చూస్తున్నారు. దుకాణం షట్టర్ ఎత్తుతున్న చప్పుడు చెవుల్లో వినబడింది.

"ఫర్వాలేదమ్మా, తెలియకపోతే తెలియదని చెప్పెయ్" అన్నాడు పక్కనున్నాయన, వాచీ చూసుకుంటూ.

మనీష తల దించుకుంది. ఒళ్ళో నలుపుతున్న కొత్త చీర కొంగు కనబడింది. బూడిద రంగు. పొద్దున రోడ్డు మీద ఇది ఊదాగా ఉంది కదా!

ఆమె లేచింది. రెండు ప్రింట్లూ చేతిలోకి తీసుకుని కిటికీ వైపు నడిచింది.

"ఏయ్, ఎక్కడికమ్మా? ఇంకా అయిపోలేదు!" అని అరిచాడు వాచీ ఆయన.

మనీష ఆగలేదు. కర్టెన్ పట్టుకుని లాగింది. బయటి ఎండ గదిలోకి, చేతుల్లోని కాగితాల మీదికి వచ్చిపడింది. ఒక వాము కింద నీడ నీలంగా తేలింది. రెండోదాని అంచుకు ఎరుపు ఎక్కింది.

"ఇది పొద్దుగాల సార్" అంది. గొంతు కీచుగా వచ్చింది, అయినా వచ్చింది. "మంచు పడ్డది, నీడ నీలంగ ఉన్నది. ఇది పొద్దుమీకి, అంచు ఎర్రగున్నది. వాము ఒక్కటే సార్. ఈ బొమ్మలేసినాయన వేసింది వామును గాదు, దాని మీద పడ్డ ఎలుగును."

రామచంద్రం కుర్చీలో ముందుకు జరిగాడు. "సరే. ఇదే వామును క్యూబిస్టు వేస్తే?"

"ఆయనకు ఈ కర్టెన్ తీసుడు అక్కరలేదు సార్. ముంగట కనబడేది, ఎనక ఉన్నది, పైకెల్లి కనబడేది, అన్నీ ఒక్క కాగితం మీదనే పెడ్తడు. వాము గురించి తెలిసిందంత వేస్తడు. ఈ ఇంప్రెషనిస్టులు తెలిసిందాన్ని పక్కకు పెట్టి, అప్పటికి కనబడ్డదే వేసిండ్రు."

"ఎక్స్‌ప్రెషనిస్టు?"

ప్రేమ్‌సాగర్ చెప్పిన ముక్క నోటిదాకా వచ్చింది. దాని వెనకే అసలు మాట తోసుకొచ్చింది. "నేనిప్పుడు మస్తు భయపడుతున్న సార్. నన్ను ఈ గది వెయ్యమంటే, గోడలు వంకరపోయి నా మీదికి వస్తున్నట్లు వేస్త. మీ ముగ్గురి మొఖాలు ఆకుపచ్చగ వేస్త. బయట ఎలుగు గట్ల లేదు, నా లోపల గట్ల ఉన్నది. ఎక్స్‌ప్రెషనిస్టు లోపలిదే వేస్తడు."

అనేశాక గాని ఏమన్నదో తెలియలేదు. వాచీ ఆయన ముఖం నిజంగానే రంగు మారింది.

"ఇదంతా ఏ పుస్తకంలో ఉంది?" అన్నాడు రామచంద్రం.

"పుస్తకంల లేదు సార్. మా అమ్మ చీర కొనేటప్పుడు గుమ్మంల పెట్టి చూస్తది" అని, ఇక దాచి లాభం లేదని, "ఈ బొమ్మలు నా నోట్సుల ఉంటే జిరాక్స్ తప్పనుకుని నేనే పారేసిన" అని కూడా చెప్పేసింది.

ఆయన చెయ్యి చాచి ఆ రెండు ప్రింట్లూ తీసుకున్నాడు. "బయట కూర్చో. పిలుస్తాం" అన్నాడు చివరికి. మనీష కర్టెన్ మూయబోతే, "ఉండనీ" అన్నాడు.

ఆ ఒక్క మాట ఆమెను వరండాలో కాల్చుకు తిన్నది. కర్టెన్ తెరిచే ఉంది, తర్వాత వెళ్ళే ప్రతివాళ్ళకూ ఆ వెలుతురు దొరుకుతుంది. తాను భయపడి చచ్చి తెరిచిన కిటికీ పక్కన నిలబడి ఇంకెవరో హాయిగా జవాబు చెప్తారు. ఒక్కొక్కరే లోపలికి వెళ్ళి వస్తున్నారు. కొందరు నవ్వుతూ వస్తున్నారు. కురుమమ్మ గరుకు చేతులు కూడా ఒళ్ళో ఒకదాన్నొకటి గట్టిగా పట్టుకుని ఉన్నాయి.

అందరూ అయిపోయాక మళ్ళీ మనీషను పిలిచారు. వెళ్ళి, కాసేపటికి బయటికొచ్చింది.

"ఏమన్నరు బిడ్డా?"

మనీష నోరు తెరిచింది. మాట రాలేదు. చెంపలు తడిగా ఉన్నాయి. ఆ చీకటి వరండాలో కురుమమ్మకు బిడ్డ ముఖం ఏమీ అర్థం కాలేదు. అది ఏడుపో, ఇంకొకటో తెలియలేదు.

ఇంకేమీ అడగకుండా బిడ్డ మణికట్టు పట్టుకుని బరబరా మెట్ల దాకా లాక్కొచ్చింది. ఎండలో నిలబెట్టింది. గడ్డం పట్టుకుని, ముఖాన్ని వెలుతురు వైపు తిప్పి, ఇటూ అటూ చూసింది.

ఆ తడి చెంపల్లో నవ్వు చూసి, తన కొంగుతో వాటిని తుడిచి అంది:

"దుకాణం సేటుకు నేనే పోయి చెప్త, మా పిల్ల రాదని."