నడుము లేని కందిరీగ

సాయంత్రానికి వాన ఖాయమని వాతావరణం వాళ్లు ఫోన్లో చెప్పిన రోజే కూలీలు నా మిరపచేలోకి దిగం అన్నారు. కాయ పండి చేనంతా ఎర్రగా ఉంది. తడిసిందంటే తెల్లబడి, ధర పలకని తాలుకాయ కింద పోతుంది, ఏడాది కష్టం అంతటితో సరి. అలాంటి పొద్దున పదిహేను మంది ఆడవాళ్లు గట్టు మీద చేతులు కట్టుకుని నిలబడితే ఎవడికి మాత్రం ఒళ్లు మండదు? నాకైతే కాస్త ముందే మండుతుంది.

కారణం కందిరీగలట. ఇంట్లోకి పనికొస్తుందని గట్టు పక్కన నాలుగు మళ్లు ముల్లంగి వేశాను. వాటి మీద పసుపూ నలుపూ చారల పురుగులు తిరుగుతున్నాయి. కిందటేడు ఇంకెవరి చేలోనో కందిరీగలు కుట్టి శాంతి అనే అమ్మాయి వారం రోజులు ఆసుపత్రిలో పడి ఉంది. ఆ శాంతి మా ముఠా మేస్త్రి సంతోషకుమారికి సొంత చెల్లెలు. మేస్త్రి కదిలితే కదా మిగతావాళ్లు కదిలేది.

నేను మాత్రం లోలోపల సంబరపడ్డాను. ఎందుకంటే ఆ పురుగు జాతకమంతా నాకు తెలుసు. బాపట్లలో వ్యవసాయ డిగ్రీ చదువుతున్న మా అమ్మాయి సమీరాకు మొన్ననే ఫొటో పంపాను. అది కందిరీగ కాదు, రంపపు ఈగ అని చెప్పింది. కందిరీగకు దారం కట్టి బిగించినట్టు సన్నటి నడుముంటుందట, దీనికి రొమ్మూ పొట్టా ఒకటే లావు. కుట్టే ముల్లు లేదు. ఆడదాని తోక కొసన చిన్న రంపం లాంటిది ఉంటుంది, దాంతో ఆకు అంచు కోసి లోపల గుడ్డు దాస్తుంది. పిల్లలు అచ్చం గొంగళిపురుగుల్లాగే ఉంటాయి, కాకపోతే వాటికంటే కాళ్లు ఎక్కువ. ఆకు తిని బలిసి, మట్టిలో దూరి గూడు కట్టుకుంటాయి. మరి పెద్దదానికి ఆ చారలెందుకయ్యా అంటే, పిట్టలు కందిరీగ అనుకుని జడుసుకోవడానికి. నా ముల్లంగి ఆకు జల్లెడ ఎందుకైందో అప్పటికి గాని తెలియలేదు.

ఇదంతా గట్టు మీద నిలబడి ఉపన్యాసం ఇచ్చాను. నడుము చూడండి, నడుము లేకపోతే భయం లేదు అని నాలుగుసార్లు చెప్పాను. సంతోషకుమారి ఓపిగ్గా వింది. విని ఒక్క మాట అడిగింది.

"పోలీసు బట్టలేసుకుని వచ్చినోడు పోలీసు కాదని మాకెట్టా తెలుస్తుందండి?"

చర్రుమంది నాకు. ముల్లంగి ఆకు మీదున్న ఈగను ఒకదాన్ని పట్టి, అందరూ చూస్తుండగా గుప్పిట మూశాను. లోపల కాస్త చక్కిలిగిలి పెట్టింది, అంతే. చెయ్యి తెరిచి వదిలేశాను. ఆడవాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. అక్కడితో ఆగితే నేను సుభానీని ఎందుకవుతాను? ఇదిగో ఇంకోటి అంటూ మిరపకొమ్మ మీద వాలినదాన్ని కూడా టక్కున పట్టేశాను.

దానికి నడుముంది.

రెండుసార్లు కుట్టింది. పైప్రాణాలు పైనే పోయాయి. కానీ కెవ్వుమన్నానా, పదిహేను మందీ ఇంటికి పోతారు, చేను వానపాలవుతుంది. గుప్పిట విప్పలేదు. కళ్లలో నీళ్లు తిరిగితే ఎండ అన్నాను. వాళ్లు కొంగులు బిగించి సాళ్లలోకి దిగేదాకా నవ్వుతూనే నిలబడ్డాను. ఆ నవ్వు చూడ్డానికి ఎలా ఉందో అల్లాకే తెలియాలి.

మధ్యాహ్నానికి కుడిచెయ్యి బన్నులా పొంగింది. వేళ్లు ముడవడం లేదు. కూలీలు అన్నాలకు కూర్చుని నన్నూ పిలిచారు. ఎడమ చేత్తో ఎలా తింటాను? ఉపవాసం అన్నాను. రంజాన్ ఇంకా పదిహేను రోజులుందని వాళ్లకూ తెలుసు. చెయ్యి లుంగీ మడతలో దాచుకుని, ఆకలితో మేఘాలు చూస్తూ కూర్చున్నాను.

నాలుగింటికల్లా కాయంతా సంచులకెక్కింది, పైన పట్టా కప్పేశాం. నాకు నిజంగానే కడుపు నిండినంత పనైంది. మెచ్చుకుందామని చేను అవతలి కొసకు వెళ్లాను కదా, అక్కడ నాలుగు సాళ్లు ముట్టుకోకుండా ఎర్రగా నిలబడి ఉన్నాయి. పడమర నుంచి తడిగాలి మొదలైంది. ఇదేం పనమ్మా, నాలుగు సాళ్లు వదిలేశారు అని గట్టిగానే అరిచాను.

సంతోషకుమారి బిందెలో నీళ్లతో చేతులు కడుక్కుంటోంది. తీరిగ్గా కొంగుకు తుడుచుకుంది.

"ఆడ తుట్టె ఉందండి. మీరు చెప్పినట్టే ప్రతిదానికీ నడుం చూసుకుంటా కోశాం. వాటికి ఉంది."

నా లుంగీ మడత వైపు ఒకసారి చూసింది. నవ్వలేదు.

"పొద్దున మీరు పట్టిన రెండోదానికి కూడా ఉందండి. అయినా మిమ్మల్ని కుట్టలేదుగా. అందుకే ఆ నాలుగు సాళ్లు మీకని వదిలేశాం."

తొలి చినుకు పడింది. కుట్టింది తల్లీ అనడానికి నాకు నోరు రాలేదు. ఎడమ చేత్తో ఖాళీ సంచి అందుకుని చేలోకి దిగాను.