మూడోసారి దిద్దనన్న జడ్జి

మోస్రా ఊళ్ళో పొలం గట్టు తగాదా వచ్చినా, ఆలుమగలు అలిగినా లింబయ్య లేకుండా తెగదు. పిలిచేదాకా ఆగే అలవాటూ ఆయనకు లేదు. అలాంటివాడి కూతురు జ్యోతిరాణి బోధన్‌లో డిగ్రీ చదువుతూ, చివరి ఏడాది కెమిస్ట్రీలో రెండు మార్కులు తక్కువై తప్పింది. రీవాల్యుయేషన్ పెడితే యూనివర్సిటీ ఇంకో లెక్చరర్‌తో దిద్దించింది. మార్కులు మాత్రం కదల్లేదు.

లింబయ్య నిజామాబాద్ వెళ్ళి వకీలు రాజనర్సును పట్టుకున్నాడు. మార్కుల విషయంలో కోర్టులు వేలు పెట్టవని రాజనర్సు ముందే చెప్పాడు. లింబయ్య వింటేనా! హైకోర్టులో కేసు పడింది.

జ్యోతిరాణికి ఇదంతా ఇష్టం లేదు. సప్లిమెంటరీ రాసుకుంటానంది. తండ్రి కొట్టిపారేశాడు. ఆమె వాదించలేదు, పుస్తకమూ మూయలేదు. హైదరాబాద్ వెళ్ళే బస్సులో కూడా దాన్ని ఒళ్ళో పెట్టుకునే కూర్చుంది.

ఏదైనా జవాబు దిద్దకుండా వదిలేశారా, కూడికలో తప్పుందా అని జడ్జిగారు అడిగారు. రెండూ లేవని రాజనర్సు ఒప్పుకోక తప్పలేదు. వెనక నిలబడ్డ లింబయ్య ఆగలేకపోయాడు.

"సారూ, మీరే ఒక్కపారి సదివి సూడుండ్రి. మంచిగుంటే మార్కులేయుండ్రి."

రాజనర్సు తల దించుకున్నాడు. లింబయ్యను బయటికి పంపబోయిన బంట్రోతును జడ్జిగారు చేత్తో వారించి, జవాబు పత్రం తిరగేశారు.

"చదివాను పెద్దాయనా, బాగానే ఉందనిపించింది. కెమిస్ట్రీలో ఎవరేం రాసినా నాకు బాగానే ఉందనిపిస్తుంది. అందుకే నేను దిద్దకూడదు."

హాలంతా నవ్వింది. సబ్జెక్టు తెలిసినవాళ్ళు రెండుసార్లు దిద్దాక మూడోసారి దిద్దడం కోర్టు పని కాదని చెప్పి, ఆయన కేసు కొట్టేశారు.

తిరుగు బస్సులో లింబయ్య కిటికీ పక్కన కూర్చున్నాడు. కామారెడ్డి దాటాక, "గంత పెద్ద కుర్సీల కూసున్నోడు, గిది నాకు రాదన్నడు బిడ్డా" అన్నాడు. గొంతులో కోపం లేదు, ఆశ్చర్యమే ఉంది.

ఇదే అదననుకుంది జ్యోతిరాణి. "సప్లిమెంటరీ ఫీజు ఎప్పుడో కట్టిన బాపు."

"మీ అమ్మకెరుకేనా?"

"అమ్మనే ఇచ్చింది."

ఎవరిని తిట్టాలో తోచక లింబయ్య కిటికీ వైపు తిరిగాడు. కాసేపటికి ఆయన భుజాలు కదలడం చూసి, ఏడుస్తున్నాడేమోనని జ్యోతిరాణి భయపడింది గాని, తొంగిచూస్తే నవ్వుతున్నాడు.

ఆ పరీక్ష జ్యోతిరాణి తేలిగ్గానే పాసైంది. ఎమ్మెస్సీ చేస్తానన్నప్పుడు, "గదే కెమిస్ట్రీనా?" అని మాత్రం అడిగాడు. గదేనంది. ఇంకేదో అనబోయి మానుకున్నాడు. అప్లికేషన్ ఇచ్చే రోజు బండి మీద నిజామాబాద్ తీసుకెళ్ళాడు. ఆమె కాలేజీ లోపలికి వెళ్తే, తను గేటు బయట చాయ్ చెప్పుకుని కూర్చున్నాడు.